ఎవరుచెప్పిన్రు మౌల్సాబ్

జియావుల్లా మౌల్సాబ్‌తో వాన పడుతోందని చెప్పకూడదు. "ఎవరు చెప్పిన్రు?" అంటాడు.

నేను ఒకసారి చెప్పాను. తల మీంచి నీళ్లు కారుతున్నాయి, చొక్కా ఒంటికి అంటుకుపోయింది. "నేనే తడిసి వచ్చిన గద మౌల్సాబ్" అన్నాను. ఆయన నన్ను కింది నుంచి పైదాకా చూశాడు. "నువ్వు తడిసినవు. గది ఒప్పుకుంట. వాన పడుతుందనేది వేరే మాట. నీ షాపు ముందట నల్లా పైపు పగిలి పొద్దటి సంది చిమ్ముతుంది" అన్నాడు. బయటికి చూశాను. పైపు చిమ్ముతోంది. వానా పడుతోంది. ఆయన గుమ్మందాకా వచ్చి, అరచేయి చాపి, చుక్క పడ్డాక, "ఇగ సరే" అని గొడుగు తెరిచాడు.

హుజూరాబాదులో మసీదు గల్లీ మొదట్లో నాది మందుల షాపు. నా పేరు సాల్మన్. మా తాత మెథడిస్టు సంఘంలో చేరినప్పటి నుంచి మా ఇంట్లో ఆదివారాలు చర్చివి, మిగతా రోజులు ఈ గల్లీవి. గల్లీ చివర చిన్న మదర్సా ఉంది. అక్కడ మౌల్సాబ్ హదీసు చెబుతాడు. అంటే ప్రవక్త అన్న మాటలు, చేసిన పనులు. ఆ మాటల్లో నిజంగా ఆయనవి ఏవి, తరువాతి వాళ్లు అంటగట్టినవి ఏవి అని వడగట్టే విద్య అది.

ప్రతి మాటకూ ముందు ఒక గొలుసు ఉంటుందని నాకు చెప్పింది ఆయనే. ఫలానా వాడు ఫలానా వాడి దగ్గర విన్నాడు, అతను ఇంకొకరి దగ్గర, అలా ప్రవక్తను కళ్లారా చూసిన మనిషిదాకా. గొలుసులోని ఒక్కో మనిషిని రావీ అంటారు. ఆ రావీ నిజాయితీ గలవాడా, జ్ఞాపకం గట్టిదా, ఎవరి దగ్గర విన్నానంటున్నాడో ఆ మనిషిని బతుకులో ఎన్నడైనా కలిశాడా అని తేల్చడానికి పాతకాలపు పండితులు ఊళ్లకు ఊళ్లు తిరిగారట. గొలుసు గట్టిదైతే మాట సహీహ్. ఒక్క రావీ తేడా వచ్చినా జయీఫ్, బలహీనం.

ఈ చదువును ఆయన మదర్సాలోనే గూట్లో పెట్టి ఇంటికి పోయి ఉంటే బాగుండేది. పోలేదు.

నా షాపులో జ్వరం గోళీ కొనడానికి ఆయనకు పట్టే సమయంలో మామూలు మనుషులకు జ్వరం తగ్గిపోతుంది.

"గిది జ్వరానికే అని ఎవరు చెప్పిన్రు?"

"డాక్టర్ రాసిండు మౌల్సాబ్. గిదో చీటీ."

"గీ రాత డాక్టర్‌దేనని నీకెట్ల తెలుసు?"

"ఆయన రాత నాకు తెల్వదా? ఎవలకూ అర్థం గాదు. గందుకే ఆయనదే."

ఆ జవాబు ఆయనకు చాలా నచ్చింది. "గట్టి రుజువు" అని గోళీలు జేబులో వేసుకున్నాడు.

ఇంట్లో ఆయన భార్య పరిస్థితి ఇంకా కష్టం. కూరలో ఉప్పు సరిపోయిందని ఒకరోజు అన్నదట. ఎవరు చెప్పారని అడిగాడు. నా నాలుకే చెప్పింది అన్నదామె. "నీకు మొన్నటి సంది పడిశం. పడిశం ఉన్న నాలుక జయీఫ్" అన్నాడు. ఆ తరువాత కొన్నాళ్లు ఆ ఇంట్లో ఉప్పు గురించి ఎవరూ ఏమీ చెప్పలేదు, కూరలో ఎవరూ వెయ్యలేదు కూడా. సాయంత్రాలు నా షాపుకొచ్చి ఉప్పు బిస్కెట్లు తినేవాడు.

ఫోన్లు వచ్చాక ఆయనకు పని పెరిగింది. ఫలానా మాట ప్రవక్త చెప్పాడు, దీన్ని పదిమందికి పంపితే కోరిక తీరుతుంది అని గ్రూపులో ఎవరో పెడతారు. కింద ఈయన ఉంటాడు: "ఎవరు చెప్పిన్రు? ఆయనకు ఎవరు చెప్పిన్రు?" పెట్టినవాడికి తెలియదు. వాడి బావమరిది పెట్టాడు. బావమరిదికి దుబాయిలో ఉన్న దోస్తు పెట్టాడు. దోస్తుకు తెలియదు. మౌల్సాబ్ వదలడు. చివరికి గల్లీ గ్రూపు వాళ్లు ఆయనను తీసేశారు. మదర్సా గ్రూపు తీసేసింది. సొంత తమ్ముళ్ల గ్రూపు కూడా తీసేసింది. "అనేకసార్లు పంపబడింది" అని సందేశం మీద వచ్చే అక్షరాలు ఒకసారి నేను చూపిస్తే ముచ్చటపడ్డాడు. "మొత్తం ఫోన్ల గిదొక్కటే నిజాయితీ మాట సాల్మన్. ఎవరు చెప్పిన్రో నాకు తెల్వదని ఒప్పుకుంటుంది."

అలా ఆయనకు ఎవరుచెప్పిన్రు మౌల్సాబ్ అని పేరు స్థిరపడింది. పిల్లలు వెనకాల, పెద్దలు ఆయన లేనప్పుడు అనేవాళ్లు. మా ఊరికి వినడం ఇష్టం. చెప్పడం ఇంకా ఇష్టం. మధ్యలో నిలబడి ఎక్కడిదని అడిగేవాడంటే, తినేవాడి విస్తరిలో చేయి పెట్టినవాడి మీద వచ్చే కోపమే వస్తుంది.

ఆ కోపం అంతా బయటికొచ్చింది పోయిన ఎండాకాలంలో, షాహీన్ వంటల విషయంలో.

షాహీన్ మా గల్లీ మధ్యలో ఉంటుంది. పెళ్లిళ్లకు, పెళ్లి తరువాత పెట్టే వలీమా విందులకు వండిస్తుంది. ఇంటి వెనక రేకుల షెడ్డు, పెద్ద పెద్ద దేగ్చాలు, కట్టెల పొయ్యిలు. భర్త అమీర్ సంతల్లో తిరిగి మేకలు కొనుక్కొస్తాడు, హలాల్ చేయిస్తాడు. నోరు పెద్దది, కోపం అంతకన్నా పెద్దది, మేకను చూడడంలో మాత్రం మోసం లేదు. అతని తల్లి రషీదా బీ ముందు గదిలో మంచం మీద కూర్చుని వచ్చేపోయే వాళ్లను పలకరిస్తుంటుంది. ఆ ఇంటి ఆదరువు ఆ పొయ్యిలే.

పెళ్లిళ్లు మొదలయ్యే ముందు ఒక మాట బయలుదేరింది. షాహీన్ చచ్చిన మేకను వండి పెట్టిందని.

ముసల్మానుల ఇంట ఇది చిన్న మాట కాదు. చచ్చిన జంతువు మాంసం నిషిద్ధం. వండినామె, తిన్న వాళ్లందరి కడుపులోనూ పాపాన్ని పెట్టినట్టు. మొదట ఒక మేక అన్నారు. చౌరస్తా దాటేసరికి మూడయ్యాయి. బస్టాండు చేరేసరికి మునిసిపాలిటీ వాళ్లొచ్చి దేగ్చాలు పట్టుకుపోయారట. నేను వెళ్లి చూస్తే దేగ్చాలు షెడ్డులోనే బోర్లించి ఉన్నాయి. పొయ్యిల్లో బూడిద కూడా లేదు.

ఆర్డర్లు ఇచ్చిన వాళ్లు ఎవరూ మొహం మీద ఏమీ అనలేదు. అది మా ఊరి మర్యాద. "మా తమ్ముడు కరీంనగర్ల వేరేటోళ్లకు మాట ఇచ్చిండట షాహీనక్కా, మాకు తెల్వనే తెల్వదు" అన్నారు. అందరికీ ఒకేసారి తమ్ముళ్లు పుట్టుకొచ్చారు.

మసీదు కమిటీ పెద్ద ఇబ్రాహీం సేఠ్‌కు బట్టల షాపు. నా దగ్గర బీపీ గోళీలు కొంటాడు. ఆ రోజు మౌల్సాబ్ కూడా షాపులోనే ఉన్నాడు.

"శుక్రవారం నమాజైనంక జమాత్ కూసుంటది మౌల్సాబ్. షాహీన్ వంట ఎవరూ తినొద్దని చెప్పాలె. మీరే చెప్పుండ్రి, మీ నోటి మాటకు వజన్ ఉంటది."

నాకు తెలుసు ఏమడుగుతాడో. సేఠ్‌కూ తెలుసు.

"ఎవరు చెప్పిన్రు?"

"ఊరంత అంటుంది."

"ఊరు అనే పేరు తోటి రావీ ఎవరూ లేరు సేఠ్. మనిషి పేరు చెప్పు."

సేఠ్ కూడా కొంచెం చదువుకున్నవాడే. "మీ కితాబులల్లనే ఉన్నది గద! లెక్కలేనంత మంది ఒక్కటే మాట చెప్తే ఇగ అడిగేది ఉండదని."

"ఉన్నది. లెక్కలేనంత మంది చూసి చెప్తే. ఒక్కని దగ్గర విని లెక్కలేనంత మంది చెప్తే, వాడొక్కడే. మిగిలినోళ్లంత మైకులు."

"అయితే శుక్రవారం లోపల తేల్చుండ్రి. తేలకపోతే నేనే చెప్త. హరామ్ తిని నమాజుకు నిలబడమంటరా మమ్ముల?" సేఠ్ గోళీలు తీసుకుని వెళ్లిపోయాడు.

మౌల్సాబ్ నా వైపు తిరిగాడు. "నీకెవరు చెప్పిన్రు సాల్మన్?"

ఇంత తొందరగా గొలుసులోకి వస్తాననుకోలేదు. "టెంట్ హౌస్ వెంకటేశ్" అన్నాను.

"బండి తీయి."

వెంకటేశ్ షామియానా గుడ్డలు మడత పెట్టిస్తున్నాడు. పెళ్లిళ్లలో కుర్చీలు, గిన్నెలు అతనివే. మౌల్సాబ్‌ను చూడగానే మొహం మాడింది.

"గీ మాట నీకెవరు చెప్పిన్రు బిడ్డా?"

"అంతయ్య సారు చెప్పిండు." అంతయ్య పాత వార్డు మెంబరు. తెల్లబట్టలు, తక్కువ మాటలు. ఆయన అన్నాడంటే ఊరు నమ్ముతుంది.

"ఎక్కడ చెప్పిండు?"

"గిక్కడనే, గీ కుర్చీల కూసొని. మొన్న సోమవారం."

నేను కలుగజేసుకోకుండా ఉండలేకపోయాను. "అంతయ్య సారు కంటి ఆపరేషన్‌కు పోయి పక్షం దాటె వెంకటేశ్. ఇంకా కరీంనగర్ల బిడ్డ ఇంట్లనే ఉండు. చుక్కల మందు నేనే బస్సుల పంపిన."

వెంకటేశ్ గుడ్డను మళ్లీ విప్పి మళ్లీ మడిచాడు. మౌల్సాబ్‌కు కోపం రాలేదు. పాఠంలో అరుదైన పదం కనబడిన వాడిలా కళ్లు మెరిశాయి.

"సిగ్గుపడకు బిడ్డా. గిది పాత జబ్బే. చెప్పినోని పేరు చెప్తే ఎవరూ నమ్మరని, వాణ్ని మింగేసి ఒక పెద్దమనిషి పేరు పెడుతరు. మావోళ్లు గిసొంటోళ్ల మీద పుస్తకాలే రాసిన్రు. ఇప్పుడు మింగినోన్ని కక్కు."

"కూరగాయల కమలవ్వ" అన్నాడు వెంకటేశ్, నేల చూస్తూ. "గంపల వంకాయలమ్మేటామె చెప్పిందంటే ఎవలు వింటరు మౌల్సాబ్?"

"చూసినవా సాల్మన్? మాట పాతదే. దానికి కొత్త బట్టలేసిండు."

కమలవ్వ చింతచెట్టు కింద గంప దించుకుని నీళ్లు తాగుతోంది. మమ్మల్ని చూసి వంకాయలు ముందుకు తోసింది. మౌల్సాబ్ అడగగానే గంప వెనక్కి లాక్కుంది.

"నేనేం కల్పించి చెప్పలే. విన్నదే చెప్పిన."

"నిన్ను అబద్ధమాడినవని అంటలేను కమలవ్వా. ఎవరి నోటెంట విన్నవు, ఏమని విన్నవు, గంతే. ఒక్క మాట ఎక్కువ గావద్దు, తక్కువ గావద్దు."

ఆమె కొంగుతో మూతి తుడుచుకుని గుర్తుచేసుకుంది. "రషీదా బీ చెప్పింది. కొత్తిమీర ఇయ్య పోయిన. చెయ్యి పట్టుకొని కూసోబెట్టింది. మేక చచ్చింది, కోసి కూర వండిన, అందరికి పెట్టిన, ఎవలకు చెప్పలే అన్నది. ఏడ్సింది. గంతే."

"షాహీన్ వండిందన్నదా?"

"షాహీన్ పేరు ఎత్తలే. ఆ ఇంట్ల వండేది షాహీనే గదా అని నేనే అనుకున్న. ఎంకటేశ్‌కు గట్లనే చెప్పిన."

సొంత అత్తే చెప్పిందని బయటపడితే ఇక ఆ పొయ్యి వెలగదు. ఇంటి మనిషే సాక్షి. దానికి మించిన గొలుసు ఏముంటుంది? ఇన్నాళ్లూ ఎవరు చెప్పారని అడిగి అడిగి, మౌల్సాబ్ తన చేత్తోనే ఆ ఇంటికి తాళం వేయబోతున్నాడని అనిపించింది.

"ఇగ ఆపుదాం" అన్నాను బండి దగ్గర.

"సగం గొలుసు తోటి ఆగుడే గీ ఊరు చేసింది. నడువు."

రషీదా బీ మంచం మీద ఉంది. షాహీన్ రేషన్ షాపుకు వెళ్లింది, అమీర్ ఏ సంతలోనో ఉన్నాడు. మౌల్సాబ్, ముసలామె మాట్లాడుకున్నది ఉర్దూ, తెలుగు కలిపిన మా గల్లీ భాష. నాకు అర్థమైనట్టు రాస్తున్నాను.

"ఖాలా, మేక చచ్చిందట."

నేను ఉలిక్కిపడ్డాను. ఇంత సూటిగా అడుగుతాడనుకోలేదు. ముసలామె మాత్రం ఎవరైనా అడిగితే బాగుండునని ఎదురుచూస్తున్నట్టే ఉంది. చుట్టూ చూసింది. ఆయన చేయి పట్టుకుంది.

"చచ్చింది కొడుకా. పొద్దుగాల లేచి చూస్తే కాళ్లు చాపి పడున్నది. నల్ల మేక. చెవుల మీద తెల్ల మచ్చ."

"ఏ ఊర్ల ఖాలా?"

"ఏ ఊరేంది? మన బోథ్‌ల. వాగు ఎండిపోయింది గద. గడ్డిపోచ లేదు. మనుషులకే లేదు."

మౌల్సాబ్ కొంచెం ముందుకు జరిగాడు. "కూర దేంతోటి పెట్టినవు? అన్నమా?"

"అన్నం యాడిది కొడుకా! జొన్న పిండి దోసెడు ఉండె. భాకరి కాల్చిన. ఒక్కటే భాకరి, పిల్లలకు తలా ముక్క. మా అమీర్ చిన్నోడు, నడక రాలే ఇంకా. ముక్క నమిలి నమిలి వాని నోట్ల పెట్టిన. వాళ్ల బాపు పనికి పోయిండు, ఆయనకు చెప్పలే. ఇయ్యాల్టి దాక చెప్పలే. ఆయన పోయిండు."

నాకు అప్పుడు అర్థమైంది. అది వాళ్లు బోథ్ వదిలి ఈ ఊరికి రాకముందటి మాట, మా అమ్మానాన్నలు చెప్పుకునే మహా కరువు. ఆమె మంచం దిగకుండానే ఆ ఏడాదికి వెళ్లి వస్తోంది. ఎప్పుడు అక్కడుందో, ఎప్పుడు ఇక్కడుందో ఆమెకు తెలియదు. కమలవ్వ కొత్తిమీర కట్టతో వచ్చిన రోజు అక్కడుంది.

"మురదార్ పెట్టిన కొడుకా, చచ్చినదాన్ని. పిల్లలకు హరామ్ తినిపిచ్చిన. గా పాపం నాదేనా, పిల్లలది గూడనా?"

"ఎవరిది కాదు ఖాలా. ఆకలికి పాణం పోతుంటే తిన్నదానికి పాపం లేదు."

ముసలామె ఆయన మొహంలోకి అనుమానంగా చూసింది.

"ఎవరు చెప్పిన్రు?"

నేను నవ్వు ఆపుకోవడానికి గోడ వైపు తిరిగాను. ఆయన నవ్వలేదు. జీవితంలో మొదటిసారి సరైన ప్రశ్న అడిగిన విద్యార్థిని చూసినట్టు కూర్చున్న చోటే సర్దుకున్నాడు.

"దేవుడే చెప్పిండు ఖాలా. ఖురాన్ల ఉన్నది. ఒక్క చోట గాదు. గీ గొలుసుల ఎక్కడ పగులు లేదు."

ఆమె కొంగుతో కళ్లు ఒత్తుకుంది. తరువాత చుట్టూ చూసి, ఆయన చేయి పట్టుకుంది. "కొడుకా, నీకొక మాట చెప్పాలె. ఎవలకు చెప్పలే. మేక చచ్చింది."

మౌల్సాబ్ ముందుకు వంగాడు. "ఏ మేక ఖాలా?" అన్నాడు, అసలు విననట్టే.

బయటికొచ్చాక నేనే తొందరపడ్డాను. "ఇంకేంది మౌల్సాబ్, తేలిపోయింది! రేపు జమాత్ల చెప్పు. ముసలామెకు యాది తప్పింది, గది కరువు నాటి ముచ్చటని."

"మా విద్యల గిసొంటోళ్లకు ఒక అర వేరే ఉన్నది సాల్మన్. బతుకంత నిజమే చెప్పిన మనిషి, ముసలితనంల యాది కలగలిసిపోతది. అబద్ధాలకోరు అనరు వాళ్లను. కలగలిసినంక చెప్పినదాన్ని పక్కకు పెడుతరు. గంతే. ఇజ్జత్ తియ్యరు." బండి దాకా నడిచి ఆగాడు. "కాని గీ ఊరికి అరలు ఎక్కడియి? ఒక్కటే బుట్ట. ఆమె పేరు చెప్పిన్నంటే, నా మాటల ఆమె పేరే ఉంచుకొని మిగిలింది పడేస్తరు. అత్తే చెప్పిందట అంటరు. ఇంక అమీర్..."

అమీర్ సంగతి నాకూ తెలుసు. రెండు రోజులుగా చౌరస్తాలో అరుస్తున్నాడు, మొదట అన్నవాడి నాలుక కోస్తానని.

మౌల్సాబ్ మళ్లీ చింతచెట్టు దగ్గర బండి ఆపించి కమలవ్వతో మాట్లాడాడు. ఆమె గంప మీద తల పెట్టుకుని, "నా నోట్లె మన్నువడ. ఇగ నా ప్రాణం పోయినా ఆమె పేరు రాదు" అంది. వెంకటేశ్‌కు కమలవ్వ పేరు దాటి ఏమీ తెలియదు.

శుక్రవారం నమాజు అయ్యాక మసీదు ఆవరణ నిండిపోయింది. మామూలుగా సలాం చెప్పగానే చెప్పులు వెతుక్కునేవాళ్లు కూడా ఆగారు. నేను గేటు దగ్గర నిలబడ్డాను. షాహీన్ నిర్దోషి అని వినడానికి వచ్చిన మొహాలు నాకు పెద్దగా కనబడలేదు. కొత్త పేరు ఒకటి దొరుకుతుందని వచ్చారు.

మౌల్సాబ్ లేచాడు. "నేను గొలుసు పట్టుకొని చివరిదాక పోయిన. షాహీన్ చచ్చిన మేకను వండలే. మాట గీ కాలంది కాదు, గీ ఊరిది కాదు. కరువుల ఒక తల్లి పిల్లలు సావొద్దని వండిన కూర. గది పాపం కాదు. గా ముచ్చట చెవులు మారి మారి షాహీన్ దేగ్చాల పడ్డది. మొదలు చెప్పిన మనిషిది తప్పు కాదు, నడుమ అతికిచ్చినోళ్లది. నా మాట అయిపోయింది."

"మొదలు చెప్పింది ఎవరు?" అన్నాడు ఇబ్రాహీం సేఠ్.

"ఒకరు."

ఎవరో ఫక్కున నవ్వారు. ఆ నవ్వు అందరికీ అంటుకుంది. అందులో సంతోషం లేదు.

"ఒకరా? ఇన్నేండ్లు మమ్ముల ఎవరు ఎవరు అని సతాయించి, ఇయ్యాల నువ్వొచ్చి ఒకరు అంటవా మౌల్సాబ్?"

అమీర్ జనాన్ని తోసుకుని ముందుకొచ్చాడు. మెడ నరాలు ఉబ్బి ఉన్నాయి. "నా ఇల్లు ఆగమైంది! పేరు చెప్పాలె. చెప్పకపోతే నువ్వు గూడ వాళ్లల్ల కలిసినవనే లెక్క. ఎవడు వాడు? ఎవరి కడుపున పుట్టిండు?"

మౌల్సాబ్ అతని వైపు చూసిన చూపు నేను గేటు దగ్గరి నుంచే చూశాను. నడక రాని పసివాణ్ని చూసినట్టు చూశాడు.

"చెప్పను బిడ్డా."

"ఎందుకు చెప్పవు?"

"సేఠ్, నువ్వు చదువుకున్నవు. గొలుసుల పేరు తెల్వని మనిషి ఉంటే గా మాటను ఏం జేస్తరు?"

సేఠ్ గొణిగాడు. "చెల్లదంటరు."

"గట్టిగ చెప్పు, అందరికి వినబడాలె."

"చెల్లదంటరు. పడేస్తరు."

"పడేయుండ్రి" అని మౌల్సాబ్ చెప్పులు వేసుకుని గేటు వైపు నడిచాడు.

నిషేధం చెప్పడానికి సేఠ్‌కు నోరు రాలేదు. తనే గట్టిగా చెప్పిన మాట తనకే అడ్డం పడింది. అయితే ఆ రోజు అక్కడ మౌల్సాబ్‌ను ఎవరూ క్షమించలేదు. విందుకు పిలిచి అన్నం పెట్టకుండా పంపినట్టయింది వాళ్లకు. మరుసటి వారం పెద్దవాళ్లకు ఆయన చెప్పే హదీసు పాఠాన్ని కమిటీ ఇంకొకరికి అప్పగించింది. మౌల్సాబ్‌కు ఒంట్లో బాగుండడం లేదని కారణం చెప్పారు. ఒంట్లో బాగులేని మనిషి నా షాపులో కూర్చుని ఉప్పు బిస్కెట్లు తింటున్నాడు. ఇంకో మాట కూడా పుట్టింది. షాహీన్ ఇంటి నుంచి ఆయనకు రోజూ బిర్యానీ పోతోందని, అందుకే పేరు దాచాడని. ఆ మాట ఎక్కడిదని ఊళ్లో ఎవరూ అడగలేదు. అడిగే ఒక్క మనిషికి మాత్రం ఎవరూ చెప్పలేదు.

షాహీన్ పొయ్యి వెంటనే వెలగలేదు. చొప్పదండి నుంచి ఒక పెళ్లివారు వచ్చారు, వాళ్లకు మా ఊరి మాటలు చేరకపోవడం వల్ల. ఆ విందుకు హుజూరాబాదు వాళ్లు చాలామంది వెళ్లారు. ఎవరు వండారో తెలిశాక కూడా ఎవరూ విస్తరి ముందు నుంచి లేవలేదు. ఇబ్రాహీం సేఠ్ రెండోసారి వడ్డించుకున్నాడని వెంకటేశ్ చెప్పాడు. కుర్చీలు వేసింది అతనే కాబట్టి కళ్లారా చూసిన సాక్ష్యమే. తమ్ముళ్ల పేరు చెప్పి పోయిన వాళ్లంతా తరువాత ఒక్కొక్కరే తిరిగొచ్చారు. క్షమించమని ఒక్కరూ అనలేదు. మేక కూర బాగుంటుందక్కా నీ చేతిల అన్నారు.

మొన్న సాయంత్రం షాహీన్ నా షాపుకు వచ్చింది. చేతులకు ఇంకా పసుపు ఉంది. మౌల్సాబ్ బల్ల మీద కూర్చుని ఉన్నాడు.

"సాల్మనన్నా, అరుగుదలకు మందేమన్న ఇయ్యి. మా అత్తకు."

"ఏమైంది?"

"ఏం జెప్పాలె అన్నా! నేను ఆ ఇంట్లకు కోడలుగ వచ్చినప్పటి సంది ఆమె కూర ముక్క ముట్టింది చూడలే. ఇంటి నిండ మాంసం వండుతం, ఆమెకు పప్పు వేరే. ఎందుకు తినవంటే పడదు అనేది. ఈ నడుమ ఏమైందో, నాకు గూడ పెట్టు అన్నది. నోట్ల ఒక్క పన్ను లేదు. ఖీమా మెత్తగ కొట్టి వండిన. తిన్నది. మల్ల అడిగింది. అమీర్ పక్కన కూసొని నోట్ల పెడితే ఇంకింత తిన్నది. పొద్దటి సంది కడుపు పట్టుకొని కూసున్నది. నొప్పంటది, మల్ల నవ్వుతది."

నేను సిరప్ సీసా తీసి బల్ల మీద పెట్టాను. మౌల్సాబ్ వైపు చూడకుండా ఉండడం కష్టమైంది. ఆయన గడ్డం నిమురుకుంటూ రోడ్డు వైపు చూస్తున్నాడు.

"ఖీమాల మిర్చి తక్కువెయ్యి బిడ్డా" అన్నాడు. "రేపు మల్ల అడుగుతది."